చెవితో చూడవలసిన నటుడు



మా అంబాజీపేటలో కురిడీ కొబ్బరి బేరం చూసినవాళ్ళకి తెలుసు. తలపండిన వర్తకుడు కాయ రంగు చూసి ఊరుకోడు. చెవి దగ్గర పెట్టుకుని ఊపుతాడు. నీరింకి, లోపలి కొబ్బరి చిప్పని వదిలిందో లేదో ఆ చప్పుడే చెబుతుంది. నటుడి పనితనం తెలుసుకోవడానికి కూడా ఇది మంచి పద్ధతేనని నాకు గొల్లపూడి మారుతీరావుగారి సినిమాలు చూస్తుంటే అనిపించింది. ఈసారి ఆయన సినిమా ఏదైనా వస్తుంటే కాసేపు తెర వైపు వీపు పెట్టి కూర్చోండి. మాట మాత్రమే వినండి.

ఆయన్ని మనం మొహంతో గుర్తుపెట్టుకున్నాం. నిజానికి ఆ మొహంలో సినిమాకి పనికొచ్చే హంగులేమీ లేవు. ప్రతినాయకుడికి ఉండాల్సిన కండలూ మీసాలూ, హాస్యగాడికి కావలసిన వింత వాలకం, ఏవీ లేవు. ఏ తాలూకాఫీసులోనో ఫైలు ముందు కూర్చున్న పెద్దమనిషిలా ఉండేవారు. ఆయన బలమంతా వాక్యంలో ఉండేది. అది ఎక్కడినుంచి వచ్చిందో తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

1939 ఏప్రిల్ 14న విజయనగరంలో పుట్టారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చదివింది భౌతికశాస్త్రం. మనసంతా నాటకం మీద. తొలి కథ ‘ఆశాజీవి’ 1954లో అచ్చయింది, అప్పటికి పదిహేనేళ్ళు. చదువయ్యాక ఆంధ్రప్రభలో ఉపసంపాదకుడు. చైనా యుద్ధం రోజుల్లో ఆ విషయం మీదే నాటకం రాసి చిత్తూరు వైపు ప్రదర్శించి రక్షణ నిధికి విరాళాలు పోగుచేశారు. తర్వాత ఆకాశవాణి. హైదరాబాదు, విజయవాడ, సంబల్పూరు, మద్రాసు, కడప... దాదాపు ఇరవై ఏళ్ళ కొలువు.

ఈ ఇరవై ఏళ్ళ దగ్గర కాసేపు ఆగుదాం. రేడియో నాటకంలో వేషం లేదు, దీపాలు లేవు, కన్నీరు కనబడదు. ఒక మనిషి అబద్ధం ఆడుతున్నాడని శ్రోతకి తెలియాలంటే మాట మధ్య ఓ ఊపిరి ఎక్కువ పీల్చాలి, లేదా అవసరం లేని చోట ‘అహ’ అనాలి. ఎదుటివాడి మాట పూర్తికాకుండానే అందుకుంటే కంగారు, రెండు క్షణాలు ఆలస్యమైతే అనుమానం. స్టూడియోలో ఎర్రదీపం వెలిగాక నటుడి చేతిలో ఉండే పనిముట్లు ఇంతే. వాటితో ఇరవై ఏళ్ళు పనిచేసిన మనిషి తెర మీదికి వచ్చేటప్పటికి నలభై రెండు దాటాయి.

అంతకు ముందు సినిమాలకి రాయలేదని కాదు. 1964లో ‘డాక్టర్ చక్రవర్తి’కి రాశారు, నంది వచ్చింది. మొహానికి రంగు వేసుకోవడం మాత్రం 1982లో, ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’తో. దర్శకుడు కోడి రామకృష్ణగారు మనకి వశిష్ఠ గోదావరి అవతలి ఒడ్డు పాలకొల్లు మనిషి. ఆయనకీ అదే మొదటి సినిమా. అందులో గొల్లపూడిగారు వేసిన సుబ్బారావు పాత్ర ఎలాంటిదో సినిమా పేరే చెబుతోంది. పరాయి ఇల్లాలి మీద కన్నేసినవాడు. అలాంటి వేషం దొరికితే మామూలుగా నటులు కళ్ళు ఎగరేస్తారు, పెదవి తడుపుకుంటారు. ఈయన గొంతు విని చూడండి. సాయం చేయడానికి వచ్చిన పొరుగాయన గొంతు. తను చేస్తున్నది తప్పని ఆ మాటల్లో ఎక్కడా ఒప్పుకోడు. తనవైపు న్యాయం ఉందని నమ్మి మాట్లాడే చెడ్డవాణ్ణి మన తెర అంతకు ముందు అంత దగ్గరగా చూడలేదని నా అభిప్రాయం.

ఆ మనిషిని ఆయన కాగితం మీద అప్పటికే చాలాసార్లు పట్టుకున్నారు. ‘కళ్ళు’ నాటకం తీసుకోండి. గుడ్డి బిచ్చగాళ్ళు కొందరు పైసా పైసా కూడబెట్టి తమలో ఒకడికి చూపు తెప్పిస్తారు. చూపొచ్చినవాడు వాళ్ళనే మోసం చేస్తాడు. అతను పుట్టు దుర్మార్గుడు కాడు. అవకాశం లేనంతకాలం అందరితోపాటు మంచివాడే. ఈ నాటకాన్నే 1988లో ఛాయాగ్రాహకుడు ఎం.వి. రఘు సినిమాగా తీశారు. మంచితనం అవకాశం వచ్చాక ఏమవుతుందన్న ఈ ప్రశ్నని ఆయన రచయితగా వేశారు, నటుడిగా సుబ్బారావు లాంటి పాత్రల్లో జవాబు చూపించారు. అందుకే ఆయన నటన మెచ్చుకోవాలంటే నాటకాలు కూడా చదవాలంటాను.

లోపం చెప్పకపోతే ఈ ప్రసంగం భజన అయిపోతుంది. రెండు వందలకు పైగా సినిమాల్లో చాలాచోట్ల ఆ సుబ్బారావునే మళ్ళీ మళ్ళీ వేయించారు. కొన్నిసార్లు పాత్ర మాట్లాడుతున్నట్టు కాక ఆయనలోని పత్రికా కాలమిస్టు మాట్లాడుతున్నట్టు ఉంటుంది. వాక్యం మరీ చక్కగా ముగుస్తుంది. అన్నట్టు, నాటకం నుంచి సినిమా రాతకీ, రాతనుంచి వేషానికీ వెళ్ళిన మరొకాయన మన పక్కనే నేదునూరులో పుట్టారు, ఎల్.బి. శ్రీరామ్‌గారు. ఇద్దరి మాటల్నీ పక్కపక్కన పెట్టి వినండి. ఒకరిది ఉత్తరాంధ్ర చదువరి వ్యంగ్యం, ఇంకొకరిది మన కాలవగట్టు యాస.

గొల్లపూడిగారి జీవితంలో మొదటి సినిమాలది ఒక వరస. కె. విశ్వనాథ్ తొలి చిత్రం ‘ఆత్మగౌరవం’ కథలో ఆయన చెయ్యి ఉంది. కోడి రామకృష్ణ సంగతి చెప్పాను. 1992లో కొడుకు శ్రీనివాస్ తన తొలి సినిమా ‘ప్రేమ పుస్తకం’ తీస్తూ సముద్రపు అలకి బలయ్యాడు. మిగిలింది తండ్రే పూర్తిచేశారు. తర్వాత కొడుకు పేరు మీద ఏటా దేశంలోని తొలిచిత్ర దర్శకుడొకరికి పురస్కారం ఇస్తూ వచ్చారు. 2019 డిసెంబరు 12న చెన్నైలో కన్నుమూశారు.

ఇక మీకొక పని. ‘సంసారం ఒక చదరంగం’, 1987 సినిమా, సంపాదించండి. అందులో తండ్రి గొల్లపూడిగారు, పెద్దకొడుకు శరత్‌బాబుగారు. ఇద్దరికీ మాట పెరిగి, ఇంటిని గీత గీసి రెండుగా విడదీసే ఘట్టం ఉంది. మొదటిసారి మామూలుగా చూడండి. రెండోసారి కళ్ళు మూసుకుని వినండి. ఆ తండ్రి ఎక్కడ ఊపిరి పీలుస్తున్నాడో, ఏ మాటని మింగేస్తున్నాడో గమనించండి. తర్వాత శరత్‌బాబుగారి గొంతుని కూడా అలాగే వినండి. ఆ గొడవలో ఎవరిది న్యాయమో మీ ఇంట్లోవాళ్ళంతా ఒకే మాట చెబుతారని నేననుకోను.