పడటమే మొదటి పాఠం



కాందిశీకులనే మాట మన పెద్దవాళ్ళకు బాగా తెలుసు. 1971లో తూర్పు బెంగాలు నుంచి కోటిమంది దాకా కట్టుబట్టలతో మన దేశానికి వచ్చారు. వాళ్ళ సహాయం కోసం ఉత్తరాల మీద అదనంగా 5 పైసల బిళ్ళ అంటించేవారట. ఆ మాట వినగానే మనకు గుడారాలు, అన్నానికి చాచిన చేతులే కళ్ళముందు మెదులుతాయి. కాని ఆ చేతుల్లో ఏ విద్య ఉందో మనం అడుగుతామా? అలాంటి ఒక అమ్మాయి కథ ఈవేళ చెబుతాను.

ఆమె పేరు యోలాండ్ మబికా. ఆఫ్రికాలోని కాంగో దేశంలో, తూర్పు కొసనున్న బుకావులో 1987లో పుట్టింది. యుద్ధం ముంచుకొచ్చి, చిన్నతనంలోనే తల్లిదండ్రులకు దూరమైంది. ఒంటరిగా పరుగెడుతున్న ఆ పిల్లను హెలికాప్టరులో రాజధాని కిన్షాసాకు చేర్చారు. దిక్కులేని పిల్లల వసతిగృహంలో ఉండగా ఆమెకు జూడో అబ్బింది.

జూడో అంటే జపానులో 1882లో కానో జిగొరో అనే ఉపాధ్యాయుడు రూపొందించిన కుస్తీవిద్య. ఎదుటి మనిషి బలాన్నే ఆసరా చేసుకొని పడగొట్టాలి. ఆడవాళ్ళ జూడోను ఒలింపిక్స్‌లో పతకాల పోటీగా చేర్చింది మాత్రం 1992లోనే. ఇందులో ఒక చక్కని సంగతి ఉందండీ. మొదట నేర్పేది పడగొట్టడం కాదు, పడటం! చేత్తో చాపను చరిచి, దెబ్బ తగలకుండా ఎలా పడాలో వచ్చాకే మిగతా పట్లు.

అయితే కాంగోలో ఓడితే ఊరుకునేవారు కారు. యోలాండ్ సహచరుడు పొపోలె మిసెంగా చెప్పినదాన్నిబట్టి, ఓడినవాళ్ళను గదిలో పెట్టి తాళంవేసి, కాఫీ, రొట్టెతో సరిపెట్టేవారట.

2013లో ప్రపంచ పోటీలకు వీరిద్దరూ బ్రెజిల్ దేశంలోని రియో నగరానికి వెళ్ళారు. అక్కడ శిక్షకుడు పాస్‌పోర్టులు, డబ్బు దగ్గర పెట్టుకొని వెళ్ళిపోయాడనీ, సరైన తిండి కూడా లేకపోయిందనీ వాళ్ళు తరువాత చెప్పారు. యోలాండ్ ధైర్యం చేసి హోటలు దాటి బయటపడింది. భాష రాదు, చేతిలో కాసు లేదు. వీధులవెంట తిరిగి, ఆఫ్రికావాళ్ళుండే పేట వెతుక్కుంది. దొరికిన పనల్లా చేసింది. 2014లో బ్రెజిల్ ప్రభుత్వం ఇద్దరికీ శరణార్థులుగా ఆశ్రయమిచ్చింది.

ఒలింపిక్ పతకం గెలిచిన ఫ్లావియో కాంటో అక్కడ పేదపిల్లల కోసం ఒక జూడో సంస్థ స్థాపించాడు. అందులో గురువు జెరాల్డో బెర్నార్డెస్ వీరిని చేరదీశాడు. మొదట్లో ఇద్దరూ తోటివాళ్ళను శత్రువుల్లా విసిరికొట్టేవారు. మరి, ఓటమికి అంత భయపడి పెరిగినవాళ్ళు ఇంకెలా ఆడతారు? అవతలివాడు కూడా నీతోబాటు నేర్చుకునేవాడేనని ఆయన ఓపిగ్గా నచ్చజెప్పాడు.

2016 రియో ఒలింపిక్స్‌లో మొట్టమొదటిసారి శరణార్థులకంటూ ఒక జట్టు ఏర్పడింది. పదిమందిలో వీరిద్దరూ ఉన్నారు. ఆగస్టు 10న పొపోలె మొదటి పోటీలో గెలిచాడు. ఓడింది ఎవరనుకున్నారు? మన పంజాబు కుర్రవాడు అవతార్ సింగ్! ఆ తరువాత పొపోలె కొరియా దేశపు ప్రపంచ విజేత చేతిలో ఓడాడు. యోలాండ్ 70 కిలోల తరగతిలో ఇజ్రాయెల్ క్రీడాకారిణి లిండా బోల్డర్‌తో తలపడి, మొదటి పోటీలోనే ఓడిపోయింది.

ఓడింది. కాని ఈసారి తాళం వేసేవాళ్ళెవరూ లేరు. పైగా ఆమె కోరిక పతకం ఒక్కటే కాదు. ఎక్కడో ఉన్న తనవాళ్ళు టెలివిజన్‌లో తన ముఖం చూసి గుర్తుపడతారేమోనన్న ఆశ ఆమెది. ఆ ఆశతోనే బరిలో దిగింది.

శరణార్థుల జట్టుకు తొలి పతకం 2024లో పారిస్‌లో, సిండీ ఎన్గాంబా అనే బాక్సింగ్ అమ్మాయి తెచ్చింది. ఆ దారిలో ముందు నడిచిన పదిమందిలో యోలాండ్ ఒకర్తె.

మన ఇళ్ళల్లో పిల్లలు తక్కువ మార్కులతోనో, ఆటలో ఓడిపోయో ముఖం వేలాడేసుకొని వస్తారు. అన్నం పెట్టకుండా ముందు నిలదీస్తే, వాళ్ళు నేర్చుకునేది చదువు కాదు, భయం. పడినవాళ్ళకు లేవడానికి కాస్త చోటివ్వడం మన చేతిలో పని. బుకావు బిడ్డకు ఆ చోటు దొరకడానికి సముద్రం దాటాల్సివచ్చింది. మన బిడ్డలకు గడపలోనే దొరకాలి కదా!