చుక్కల తాబేలు – మెట్టనేల



ఎడారి జంతువుల సంరక్షణను గూర్చి ఈ సభలో ప్రసంగమేల యని కొందరికి సందేహము కలుగవచ్చును. మేడ్చల్ ఎడారి కాదు. శామీర్‌పేట అంతకన్న కాదు. అచట పెద్ద చెరువే యున్నది. అయినను ఒక విషయము గమనింపదగియున్నది. హైదరాబాదు పరిసరములలో సాలీనా కురియు వాన సుమారు 800 మిల్లీమీటర్లు. అందులో అధికభాగము జూను మొదలు సెప్టెంబరు వరకు గల నాలుగు మాసములలోనే పడిపోవును. తక్కిన ఎనిమిది మాసములు ఆకాశమును చూచుటయే పని. నేల చూడగా ఎర్రమట్టి, పలుచని పొర. దాని క్రింద నల్లరాయి. చెరువు క్రింద మాగాణిని విడిచి నాలుగడుగులు గుట్టవైపు నడచినచో తుమ్మ, రేగు, బలుసు, సీతాఫలపు పొదలు తప్ప వేరొకటి కనబడదు. ఈ నేలపై బ్రదుకు ప్రాణి ఎడారి ప్రాణివలెనే బ్రదుకవలెను. నీరు దొరకినప్పుడు త్రాగి, దొరకనప్పుడు ఓర్చుకొని, ఎండలో దాగి, చల్లనివేళ మేతకు వెడలవలెను.

ఇందుకు ఊరిలోని జమ్మిచెట్టే సాక్ష్యము. విజయదశమినాడు పూజలందుకొనుచు నేడు తెలంగాణ రాష్ట్రవృక్షమైన ఈ చెట్టు, రాజస్థానపు ఎడారిలో ‘ఖేజ్రీ’ యను పేర పెరుగుచున్న చెట్టే. నిరుడు పడిన వాన నేలలో ఎంత లోతునకు ఇంకినను దాని వేరు అంత లోతునకు పోవును. 1730లో జోధ్‌పూరు సమీపమున ఖేజర్లీ గ్రామములో రాజోద్యోగులు ఈ చెట్లను కొట్టవచ్చినప్పుడు, అమృతాదేవి మొదలుగా 363 మంది బిష్ణోయీలు చెట్లను కౌగిలించుకొని ప్రాణములర్పించిరి. ఆ చెట్టు పెరుగుచోట ఏ జీవములుండునో అటువంటి జీవములే ఇచటను కలవు: ఉడుము, గుంటనక్క, అడవిపిల్లి, చెవులపిల్లి, కముజుపిట్ట, పాలపిట్ట. వీటిలో మిక్కిలి నెమ్మదియైనది, అందుచేతనే మిక్కిలి ఆపదలో నున్నది నక్షత్ర తాబేలు.

చెరువు తాబేటిని చూచినవారు దీనిని చూచినచో ఆశ్చర్యపడుదురు. ఇది ఈదదు. నీటిలో వేసినచో మునిగి చచ్చును. పుణ్యమని తలచి దీనిని కోనేటిలో విడిచిపెట్టువారు ఈ సంగతి తెలిసికొనవలెను. నల్లని డిప్పపై ఒక్కొక్క బుడిపె నడినెత్తినుండి పసుపుపచ్చని గీతలు కిరణములవలె నలుదిక్కులకు వ్యాపించియుండును. చేతిలో పట్టుకొని చూచినచో అది మెరసిపోవు నగ. ఎండుగడ్డిలో పెట్టి పది అడుగులు వెనుకకు వచ్చి చూచినచో కనబడదు. గడ్డిపరకలు, వాటి నీడలు, ఈ గీతలు ఒకదానిలో నొకటి కలిసిపోవును. దానిని మాయము చేయుటకు ప్రకృతి గీసిన చిత్రమే మానవుని కంటికి అందమై, దాని పాలిటికి శత్రువైనది.

దాని డిప్ప ఆకారములో మరియొక విశేషము కలదు. ఎత్తుగా, గుమ్మటమువలె నుండుటచేత వెల్లకిలపడినను అది తనంతట తాను దొర్లి నిలువగలదు. ఎట్లు పెట్టినను ఒకే స్థితికి వచ్చి నిలుచు వస్తువును హంగరీ దేశపు గణితజ్ఞులు దొమోకోష్, వార్కోని యను వారు చాలకాలము శ్రమించి 2006లో తయారుచేసిరి. పిమ్మట అటువంటి ఆకృతి సృష్టిలో ఎక్కడనైనను ఉన్నదా యని తాబేళ్లను కొలువనారంభింపగా, దానికి మిక్కిలి చేరువగా వచ్చిన వానిలో ఈ నక్షత్ర తాబేలు ఒకటి. మెట్టపొలములో గొఱ్ఱెల కాళ్లక్రింద దొర్లు ఈ మూగజీవి గణితశాస్త్రమున కెక్కినదని ఎవరనుకొందురు!

అమెరికాలో మొహావీ ఎడారియందు వేరొక జాతి తాబేలు కలదు. 1990లో ఆ దేశ ప్రభుత్వము దానిని ఆపదలోనున్న జాతిగా ప్రకటించినది. అది నేలలో బొరియ త్రవ్వుకొని, తన ఆయుర్దాయములో అధికభాగమందే గడుపును. వానాకాలమున త్రాగిన నీటిని మూత్రాశయములో దాచుకొని నెలల తరబడి వాడుకొనును. బాటసారి ముచ్చటపడి దానిని చేతికెత్తుకొన్నచో భయముచేత ఆ నీటిని విడిచిపెట్టును. ఎత్తినవాడు మరల క్రింద పెట్టి, మంచిపనియే చేసితినని తలచి వెడలిపోవును. తాబేలు మాత్రము మరుసటి వాన రాకముందే దాహముతో చచ్చిపోవచ్చును. తాకుటయే హానియగు ప్రాణులును లోకములో నున్నవి.

దక్కనునందలి నక్షత్ర తాబేటికి ఆ బొరియ సైతము లేదు. ఇది నేల త్రవ్వుకొని అందు కాపురముండదు. మధ్యాహ్నపుటెండలో దానికి ఇల్లు రేగుపొద, గడ్డిదుబ్బు, అంతే. ఉదయమున, సాయంకాలమున వెలుపలికి వచ్చి గడ్డి, రాలిన పండ్లు, పూలు, నాగజెముడు మట్టలు తినును. తొలకరి పడినపిదప దినమంతయు తిరుగును. ఆడది చిన్న గుంత చేసి కొద్దిపాటి గ్రుడ్లు పెట్టి, మన్ను కప్పి పోవును. పిల్ల మూడు నాలుగు సెంటీమీటర్లకు మించదు. కాకి, ముంగిస, ఉడుము దానికొరకు కాచుకొనియుండును. ఆడుపిల్ల ఎదిగి గ్రుడ్లు పెట్టుటకు సుమారు పదేండ్లు పట్టును. ఇట్టి జాతికి పిల్లలు చచ్చుట క్రొత్త కాదు. అందుకు తగినట్లే అది తరతరాలుగా బ్రదుకుచున్నది. కాని ఎదిగిన ఆడతాబేలు ఒకటి పోయినచో, అది పెట్టవలసిన ఇరువది ముప్పదేండ్ల గ్రుడ్లు దానితో పోయినట్లే. మేకల మందలో ఈనెడు మేకలనే ఏరి అమ్ముకొనువాని మంద ఎన్నాళ్లుండునో గొల్లలకు వేరుగా చెప్పనక్కరలేదు.

జరుగుచున్నది అదియే. 2015లో ప్రకటితమైన ఒక పరిశోధనలో, మనదేశమందలి ఒకే ఒక వ్యాపారస్థానమునకు సంవత్సరమునకు కనీసము 55,000 నక్షత్ర తాబేళ్లు అడవులనుండి, పొలములనుండి పట్టి తేబడుచున్నట్లు తేలినది. వీటిని గుడ్డలలో చుట్టి, పెట్టెలలో కుక్కి, విమానములపై తూర్పుదేశములకు పంపుదురు. అచట పిల్లల ఆటబొమ్మలుగా అమ్ముడుపోవును. దారిలో ఎన్ని చచ్చునో లెక్కించువారు లేరు. 2019 ఆగస్టులో జెనీవాలో సమావేశమైన దేశములు ఈ తాబేటిని అత్యధిక రక్షణ పొందు మొదటి పట్టికలో చేర్చినవి. దానితో అంతర్జాతీయ వ్యాపారము నిషిద్ధమైనది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ననుసరించి దీనిని పట్టుట, అమ్ముట, ఇంట నుంచుకొనుట శిక్షార్హములు. బంధువిచ్చినది, కానుకగా వచ్చినది యనుట సమాధానము కానేరదు.

విదేశములకు పోవునవి సరే. ఊరిలో ఇంటింట నుండునవి ఏమి? తాబేలున్న ఇంట లక్ష్మి నిలుచునని, వాస్తుదోషము పోవునని నమ్మి, అద్దపుతొట్టిలోనో గాబులోనో దానిని పెట్టుకొనువారు పెద్దలు, చదువరులు సైతము కలరు. విశ్వాసమును పరిహసించుట తగదు. కూర్మావతారము తెలుగువారికి పరాయిది కాదు. పోతనామాత్యుని భాగవతములో క్షీరసాగరమథన ఘట్టము విననివారుండరు. శ్రీకాకుళము జిల్లా శ్రీకూర్మములో స్వామి కూర్మరూపుడే; ఆ దేవాలయ ప్రాంగణమున నక్షత్ర తాబేళ్లు పోషింపబడుటయు ప్రసిద్ధమే. అయినను మంధరపర్వతమును వీపున మోసిన దేవుని, గాబులో అన్నపు మెతుకులు వేసి, ఎండ తగులనీయక, డిప్ప మెత్తబడి చచ్చునట్లు చేయుమని ఏ శాస్త్రమును చెప్పలేదు. దసరానాడు పాలపిట్టను చూచుట శుభమని పెద్దలన్నారు. ఎగురుచున్న పిట్టను చూడుమన్నారు గాని, రెక్కలు కట్టి పంజరములో పెట్టి వీధివీధి త్రిప్పి రూపాయి తీసికొని చూపుమనలేదు.

పట్టుబడిన తాబేళ్లను తెచ్చి అడవిలో విడిచినచో సరిపోదా యని ప్రశ్న. అంత సులభము కాదు. ఒకప్పుడు సింగపూరులో పట్టుబడిన నక్షత్ర తాబేళ్లు హైదరాబాదునకు తిరిగి వచ్చినవి. అవి ఏ ప్రాంతమున పుట్టినవో తెలియుటకై నగరములోని సి.సి.ఎం.బి. శాస్త్రజ్ఞులు వాటి డి.ఎన్.ఏ.ను పరీక్షింపవలసివచ్చినది, ఆ ఫలితములు 2006లో ప్రకటితమైనవి. గుజరాతు తాబేటిని దక్కనులో, దక్కను తాబేటిని సింహళములో విడిచినచో జాతులు కలగాపులగమగును. వ్యాపారి గోతములో ఒకదానినుండి మరియొకదానికి అంటిన రోగము, అంతవరకు ఆరోగ్యముగానున్న అడవి తాబేళ్లకు ప్రాకును. దొంగిలించుట ఒక్క క్షణము. తిరిగి ఇచ్చుటకు ప్రయోగశాల కావలెను.

ఇక నేల సంగతి. రెవెన్యూ దస్త్రములలో కంచ, గైరాను, పోరంబోకు, బంజరు అని పలుపేర్లున్నవి. పంట పండని నేల గనుక పనికిరాని నేల యని అర్థము స్థిరపడినది. ఈ గ్రంథాలయము వెలసిన ఇరువదియైదేండ్లలో మేడ్చల్–శామీర్‌పేట ప్రాంతమున ఆ నేలయే ముందుగా మాయమైనది. బాహ్యవలయ రహదారి వచ్చినది, తుర్కపల్లి వైపు ఔషధ పరిశోధనశాలలు వచ్చినవి, విశ్వవిద్యాలయములు వచ్చినవి, ప్లాట్ల రాళ్లు పాతుకొన్నవి. ఇవి రాకూడదనుట కాదు; వీటివలన ఊరిబిడ్డలకు ఉద్యోగములు దొరకినవి. కాని నాలుగడుగుల ప్రహరిగోడ మనుష్యునికి సరిహద్దు, తాబేటికి లోకాంతము. ఆదివారము నగరవాసులు శామీర్‌పేట జింకలవనమునకు వచ్చి కంచెలోని జింకలను చూచి సంతోషింతురు. కంచె వెలుపలి పొదలో ఏమున్నదో అడుగువారు అరుదు.

నగరమునకు పడమట కంచ గచ్చిబౌలి యను చోట హైదరాబాదు విశ్వవిద్యాలయము ప్రక్కనున్న 400 ఎకరములలో 2025లో యంత్రములు చెట్లను కూల్చనారంభించినవి. విద్యార్థులు, ప్రకృతిప్రియులు అచటి జీవముల పట్టికలు బయటపెట్టిరి. అందులో జింక, నెమలితోపాటు నక్షత్ర తాబేలును ఉన్నది. ఏప్రిల్ 3వ తేదీన సుప్రీంకోర్టు ఆ పనులన్నిటిని నిలిపివేయ నాజ్ఞాపించినది. పట్టికలు ముందే వ్రాసియుంచినవారు ఉండుటచేతనే ఆ తాబేటిమాట లోకమునకు వినబడినది.

వ్రాత లేనిచో ఏమగునో కలివికోడి కథ చెప్పును. 1848లో జెర్డాన్ యను వైద్యుడు ఈ పిట్టను మొదట గుర్తించెను. 1900 పిమ్మట అది ఎవరికిని కనబడలేదు. అంతరించినదని గ్రంథములలో వ్రాసివేసిరి. 1986 జనవరిలో బొంబాయి ప్రకృతిచరిత్ర సంఘమువారు కడపజిల్లా పల్లెలలో దాని బొమ్మ చూపుచు విచారింపగా, పిట్టలు పట్టు ఐతన్న యనునతడు రెడ్డిపల్లె దగ్గర రాత్రి దీపపు వెలుగులో దానిని పట్టి తెచ్చెను. ఎనుబదియారేండ్లు పండితులకు లేని పిట్ట పల్లెవానికి ఎన్నడును పోలేదు. అతనిని అడిగినవారే లేకపోయిరి. దానికొరకు 1988లో లంకమలలో అభయారణ్యము వెలసినది. తెలుగుగంగ కాలువ దాని పొదలమీదుగా రానున్నప్పుడు దారి మార్పబడినది.

అదే సంవత్సరము కర్నూలు జిల్లా రోళ్లపాడులో బట్టమేకపిట్టకొరకు మరియొక అభయారణ్యము ఏర్పడినది. ఈ రెండు పిట్టలకును దట్టమైన అడవి పనికిరాదు. ఒకదానికి పలుచని పొదలు, రెండవదానికి విశాలమైన గడ్డిబీడు కావలెను. కనుక గుట్టమీది పొదలు కొట్టించి, గుంతలు తీయించి, వనమహోత్సవమని నీలగిరి మొక్కలు నాటించువారు పుణ్యము సంపాదించుచున్నారో, ఇతరుల ఇల్లు కూల్చుచున్నారో కొంచెము ఆలోచింపవలెను. గ్రామములో మొక్కలు నాటుటకు చెరువుకట్ట, బడి ఆవరణ, బాటప్రక్కలు ఎన్నియో కలవు.

గ్రామస్థులు చేయవలసినది విశేషమైన పని కాదు. పొలమున తాబేలు కనబడినచో దానిదారిన దానిని పోనిచ్చుట. బాటపై బండ్లమధ్య చిక్కినచో అది ఏ దిక్కునకు పోవుచున్నదో ఆ దిక్కుననే బాట దాటించి విడుచుట. ఇదివరకే ఇంట నున్నచో రహస్యముగా గుట్టలో వదలక అటవీశాఖవారికి అప్పగించుట. వేసవిలో బీడునకు నిప్పు పెట్టకుండుట. నిప్పును చూచి పరుగెత్తలేని ప్రాణి యది.

ఈ గ్రంథాలయమునకు మాత్రము ఒక పని మిగిలియున్నది. పఠనమందిరములో దినపత్రికల బల్లపై ఒక గీతల పుస్తకము ఉంచవలెను. గొఱ్ఱెలు కాచిన వృద్ధులను పిలిచి, చుక్కల తాబేటిని ఏ గుట్టక్రింద చూచిరి, ఏ ఏట చివరిసారి చూచిరి, దానిని ఏమని పిలిచెడివారు అని అడిగి, వారు చెప్పినది చెప్పినట్లు పదవతరగతి పిల్లలచేత వ్రాయింపవలెను. చూడలేదన్నచో అదియును వ్రాయవలెను. తేదీ వేసి వ్రాయవలెను. ఆ వృద్ధులలో పలువురు ఎనుబది దాటినవారు. తొలకరి ఇంక రెండు మాసములున్నది.