తేలిక అంటే తక్కువ బరువు కాదు
(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



విమానాల మరమ్మతు చేసి రిటైరైనవాణ్ణి. దాని గురించే రెండు మాటలు చెప్పమన్నారు.

ఏడో తరగతిలో ఉండగా సంక్రాంతికి సముద్రం ఒడ్డున గాలిపటం ఎగరేశాను. అది గిరగిరా తిరిగి ఇసుకలో పొడుచుకుంది. పక్కనే ఉన్న మన లెక్కల అయ్యవారు దాన్ని తీసుకున్నారు. కాగితం మార్చలేదు, పుల్ల మార్చలేదు. దారం ముడిని ఒక్క అంగుళం పైకి జరిపారు. అంతే, నిలబడి ఎగిరింది. తర్వాత ముప్పై ఏళ్ళు నేను నేర్చుకున్నదంతా ఆ అంగుళమే.

ఆకాశంలో పల్టీలు కొట్టే చిన్న విమానాలను మీరు ఫోన్లలో చూసుంటారు. మన దేశంలోనూ వాటికి చరిత్ర ఉంది. బెంగళూరు హిందుస్థాన్ ఎయిర్‌క్రాఫ్ట్‌లో డాక్టర్ వి.ఎం. ఘాట్గే ఆధ్వర్యంలో రూపొందిన హెచ్‌టీ-2 1951 ఆగస్టు 5న మొదటిసారి ఎగిరింది. రెండు సీట్లు, 155 అశ్వశక్తి ఇంజను. పల్టీలు కూడా నేర్పగల శిక్షణ విమానం అది. అమెరికాలో కర్టిస్ పిట్స్ 1944లో 55 అశ్వశక్తి ఇంజనుతోనే బుల్లి జంటరెక్కల విమానం ఎగరేశాడు. రెక్కలు పొట్టివి కాబట్టి చటుక్కున దొర్లేది.

అయితే పల్టీ కొట్టేటప్పుడు బరువు పెరుగుతుంది. 6 జీ దగ్గర 70 కిలోల మనిషి 420 కిలోలై కూర్చుంటాడు. విమానంలో ప్రతి బోల్టుకూ అదే లెక్క. అందుకే మామూలు చిన్న విమానం 3.8 జీకి తట్టుకుంటే చాలు గానీ, విన్యాసాల విమానం పైకి 6, కిందికి 3 తట్టుకోవాలి. ఆపైన ఒకటిన్నర రెట్లు దాకా విరక్కూడదు. జర్మనీ ఎక్స్‌ట్రా 300 ఒంటరి పైలట్‌తో అటూ ఇటూ 10 జీకి తట్టుకుంటుంది. తలకిందులైనా ఇంజనుకు పెట్రోలు, ఆయిలు అందాలి. ఇంకో చిక్కుంది. గంటకు 100 కిలోమీటర్ల దాకా రెక్క పట్టు వదలని విమానం, 4 జీతో తిప్పితే 200 దగ్గరే పట్టు వదిలేస్తుంది.

ఇంత బలం కావాలి, బరువు మాత్రం పెరగకూడదు. కాబట్టి ఎంత బరువన్నదే కాదు, ఎక్కడ ఉందన్నదీ చూడాలి.

ఉద్యోగంలో చేరిన కొత్తల్లో రెక్క చివర కదిలే పలకకు, అంటే ఎయిలరాన్‌కు, వెనక అంచున అతుకు వేశాను. అందంగా కనబడాలని రంగు రెండుసార్లు ఎక్కువ పూశాను. ఆ పలకను కీలు దగ్గర తూచి సరిచూడాలి. వెనక బరువెక్కితే వేగంలో జెండాలా కొట్టుకుని రెక్కనే చీల్చగలదు. నేను తూచలేదు. తూచినట్టు సంతకం మాత్రం పెట్టాను.

బస్సులో సగం దూరం వచ్చాక గుర్తొచ్చింది. పొద్దున్నే ఆ విమానం పల్టీలకు లేవాలి. దిగి వెనక్కి పరిగెత్తాను. ఉద్యోగం పోతుందని కాళ్ళు వణికాయి. మా పెద్దాయన ఏమీ అనలేదు. పలక విప్పించి తూచాడు. వెనకంచు కిందికి వాలింది. జరిగింది నాచేతే రికార్డులో రాయించాడు. రాత్రంతా కూర్చుని రంగు గీకాం. పొద్దున ఆ పైలట్ నాకు టీ ఇప్పించాడు. ఆ గ్లాసు పట్టుకుంటే చెయ్యి నిలవలేదు.

పిల్లలూ, శ్రీహరికోటలో రాకెట్ లేస్తే మనమంతా మేడలెక్కి చూస్తాం. 2016 మే 23న రెక్కలున్న ఆర్‌ఎల్‌వీ-టీడీ కూడా మన తీరం నుంచే లేచింది. మనకు నిప్పూ పొగా కనబడతాయి. వాటి వెనక తూచినవాళ్ళు కనబడరు. మీలో కొందరు ఆ పని చేయాలి. పొరబడితే, బస్సు ఎంత దూరం పోయినా సరే, దిగి వెనక్కి రండి.

మన ప్రయోగశాలకు నా వంతుగా ఒక మంచి త్రాసు ఇస్తున్నాను. బీరువాలో పెట్టి తాళం వేయకండి, పిల్లల చేతికివ్వండి. సెలవు.