విందుకు వన్నె తెచ్చు ద్రాక్ష పానకము

(ఒక గ్రామ మహిళా సంఘ సమావేశమున సమాచార శాఖాధికారి చేసిన ప్రసంగ పాఠము)



 నేను మీకు నీతులు చెప్పుటకు రాలేదు. ఒక తల్లి నన్నడిగిన ప్రశ్నకు, ఆలస్యముగానైనను, సమాధానము చెప్పుటకు వచ్చితిని.

కొంతకాలము క్రిందట మా పొరుగు మండలములో ఒక చిన్నకారు రైతు ఇంట పెండ్లి జరిగినది. మూడెకరముల మెట్టభూమియే వారి ఆస్తి. పెండ్లివారు దిగిన రాత్రి పందిరి వెనుక మగవారికి ప్రత్యేకముగా మద్యము ఏర్పాటు చేయవలసి వచ్చినది. ఏర్పాటు చేయనిచో వియ్యాలవారు చిన్నబుచ్చుకొందురని ఇంటివారి భయము. విస్తళ్ళు వేయకమునుపే ఇద్దరు బంధువులు మాటామాటా పెరిగి కలియబడిరి. మరునాడు లెక్కలు చూచుకొనగా, సీసాలకై తెచ్చిన అప్పు పంట చేతికి వచ్చువరకు తీరునది కాదని తేలినది. నేను సెలవు తీసికొనునప్పుడు ఆ ఇల్లాలు నాతో, “అయ్యా, పోస్తే అప్పు, పొయ్యకపోతే మాట. మత్తు లేకుండా మర్యాద చేసే దారి ఏదన్నా ఉంటే చెప్పండి” అన్నది.

నాడు నేను తగిన సమాధానము చెప్పలేకపోయితిని. “తాగుడు మానుడు” అని గోడలపై వ్రాయించుట నాకు తెలియును. కాని అతిథి చేతిలోని గ్లాసును తీసివేసినచో, దాని స్థానమున ఏమి ఉంచవలెనో నేను ఆలోచించి యుండలేదు.

చట్టము, ఇల్లు

మన రాజ్యాంగములోని 47వ అధికరణము మత్తు పానీయముల వాడకమును నిషేధించుటకు ప్రభుత్వములు కృషి చేయవలెనని నిర్దేశించుచున్నది. మన తెలుగునాట ఈ విషయమున ముందడుగు వేసినవారు పల్లె స్త్రీలే. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట గ్రామమున, రాత్రిబడిలో అక్షరములు నేర్చుకొనుచున్న తల్లులు సారా దుకాణమును మూయించిరి. ఆ ఉద్యమము ఊరూరా వ్యాపించి, 1993లో రాష్ట్రమంతట సారా నిషేధమునకు దారితీసినది. 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధము వచ్చినది. 1997లో దానిని సడలించిరి. చట్టములు వచ్చును, మారును. మన ఇంటి పందిరిలో ఏమి పోయవలెనన్నది మాత్రము ఎల్లప్పుడు మన చేతిలోనిదే.

మద్యము నిలిచియుండుట మత్తువలన మాత్రమే కాదు. మర్యాద అను ముసుగువలన కూడ. అందమైన రంగు, నిదానముగా చప్పరించదగిన రుచి, చేత పట్టుకొని నలుగురితో ముచ్చటించుటకు అనువైన ఒక చిన్న గ్లాసు — ఇవన్నియు మత్తుతో పనిలేకుండ మనము సమకూర్చుకొనవచ్చును. శ్రీరామనవమినాడు పందిళ్ళలో పానకము పంచు జాతికి ఇది క్రొత్త విద్య కాదు.

మత్తు ఎట్లు పుట్టును?

తాటిచెట్టు నెక్కువారు మన ఊళ్ళలో ఉన్నారు. వారి నడుగుడు. తెల్లవారుజామున దింపిన నీరా తేనెవలె తియ్యగా నుండును. ఎండ యెక్కుకొలది అదియే నురుగు కట్టి, పులిసి, కల్లుగా మారును. ఎవ్వరును అందులో మత్తు కలుపలేదు. గాలిలోను, కుండలోను, పండ్ల తొక్కలపైనను ఉండు ఈస్టు అను సూక్ష్మజీవులు చక్కెరను తిని, దానిని మద్యసారముగాను, బొగ్గుపులుసు వాయువుగాను మార్చును. అందువలననే నీరా కుండ లోపల సున్నము పూయుదురు. సున్నము ఆ పులియుటను అడ్డుకొనును.

ద్రాక్షరసము కథయు ఇదియే. దానిని ఊరక విడిచిన వైను అగును. వేడిచేసి, ఈస్టును చంపి, మరల గాలి సోకకుండ భద్రపరచిన రసము రసముగానే నిలుచును. 1860 దశకమున ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ పాశ్చర్ ఈ రహస్యమును వివరించెను. 1869లో అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రము, వైన్‌ల్యాండు పట్టణమున థామస్ బ్రామ్‌వెల్ వెల్చ్ అను దంతవైద్యుడు ఈ సూత్రమునే అనుసరించి, తన చర్చిలో ప్రభురాత్రి భోజన సంస్కారమునకు వైనుకు బదులుగా పులియని ద్రాక్షరసమును సీసాలలో నింపెను. ఒక భక్తుని వంటింటిలో మొదలైన ఆ పని కాలక్రమమున పెద్ద పరిశ్రమగా పెరిగినది. మనకు పరిశ్రమ అక్కరలేదు. ఆ సూత్రము చాలును.

కొందరు ద్రాక్షరసమున చక్కెర, ఈస్టు కలిపి జాడీలో వారముల తరబడి నిలువ చేసి, “ఇంటిలో చేసినది కదా, ఇందులో మత్తు లేదు” అందురు. అది పొరపాటు. ఇంటిలో పులిసినను, బయట పులిసినను మద్యసారము మద్యసారమే. దానిని పిల్లలకు, గర్భిణులకు ఈయరాదు.

చేయు విధానము

చలికాలము చివరినుండి వేసవివరకు సంతలకు నల్లద్రాక్ష వచ్చును. కర్ణాటకమున పండు బెంగుళూరు బ్లూ రకము రంగునకు, సువాసనకు మేలైనది. బాగుగా పండిన రెండు కిలోల పండ్లు తీసికొనుడు. కుళ్ళినవి, బూజు పట్టినవి ఏరి పారవేయుడు. ఉప్పు కలిపిన నీటిలో కొంతసేపు ఉంచి, మంచినీటితో రెండు మూడుసార్లు కడిగి, తొడిమలు తీయుడు.

స్టీలు గిన్నెయే వాడుడు. ఇత్తడి, రాగి, అల్యూమినియము పాత్రలు పులుపుతో కలిసి రసమును చెరచును. పండ్లను చేతితో చిదుముడు. గింజలు నలుగరాదు, నలిగిన చేదు దిగును. గిన్నెను సన్నని సెగపై నుంచి, ఆవిరి లేచుచు మరగని వేడిమిలో పదిహేను నిమిషములు కలియబెట్టుడు. ద్రాక్ష రంగంతయు తొక్కలోనే యున్నది. ఈ వేడిమికి అది రసములోనికి దిగును. పిదప పలుచని గుడ్డలో వడియగట్టుడు. గట్టిగా పిండినచో రసము మడ్డిగా నగును. దానంతట అది కారనిండు. ఒక లీటరు రసమునకు తక్కువ రాదు.

ఇప్పుడు రుచి సంగతి. వైనులో పండు తీపి చాలవరకు మద్యసారముగా మారిపోవును గనుక పులుపు, వగరు ముందుకు వచ్చును. ద్రాక్షరసము మాత్రము మిక్కిలి తీపి. దానిని అట్లే పోసినచో పిల్లల షర్బతువలె నుండును; పెద్దలు ఒక గ్రుక్కలో త్రాగి గ్లాసు క్రింద పెట్టుదురు. కావున చక్కెర కలుపకుడు. వగరునకు తేయాకు వాడుడు: ఒక గ్లాసు మరిగిన నీటిలో రెండు చెంచాల తేయాకు వేసి, నాలుగు నిమిషములు మూతపెట్టి, వడియగట్టి రసములో పోయుడు. మరి ఒక గ్లాసు నీరు, ఒక నిమ్మకాయ రసము, చిటికెడు ఉప్పు చేర్చుడు.

నాలుగు లవంగములు, రెండంగుళముల దాల్చినచెక్క, ఎనిమిది మిరియాలు, చిన్న శొంఠికొమ్ము కచ్చాపచ్చాగా దంచి గుడ్డలో మూటగట్టి ఆ రసములో వేయుడు. గిన్నెను మరల పొయ్యిపై పెట్టి 80 నుండి 85 డిగ్రీల సెంటీగ్రేడు వేడిమికి తెండు. ఉష్ణమాపకము లేనివారు గిన్నె అంచున చిన్న బుడగలు కట్టి ఆవిరి దట్టముగా లేచు సమయము గుర్తించిన చాలును. తెర్లినచో ఉడికిన వాసన వచ్చును. ఆ వేడిమిలో పది నిమిషములుంచి, మూట తీసివేసి, మూతపెట్టి చల్లార్చుడు.

చల్లారిన వెంటనే రిఫ్రిజిరేటరులో ఒక రాత్రి యుంచినచో అడుగున మడ్డి దిగును. ఒక్కొక్కప్పుడు గాజుపొడివంటి స్ఫటికములును కనబడును. భయపడకుడు, అవి ద్రాక్షలోని పులుపునుండి ఏర్పడిన లవణములే. పై తేట రసమును మెల్లగా వంచుకొనుడు. రిఫ్రిజిరేటరు లేనివారు ఏ పూటకు ఆ పూట చేసికొని, కుండనీటిలో గిన్నె నుంచి చల్లార్చి, ఆనాడే వాడవలెను. రాత్రియంతయు బయట నుంచిన రసము పులియ నారంభించును. నురుగు, బుడగలు, ఉబ్బిన మూత, ఘాటైన వాసన — వీనిలో ఏది కనిపించినను పారబోయుడు. ఫ్రిజ్‌లో నుంచినదానిని మూడు దినములలో ముగించుడు. మద్యపు ఖాళీ సీసాలు ఎంత అందముగా నున్నను దీనికి వాడకుడు. పిల్లలు ఆ సీసాకు అలవాటుపడుట మంచిది కాదు.

ఈ కొలతలకు సుమారు పదునాలుగు చిన్న గ్లాసులగును. నూరుమంది అతిథులకు పదునైదు కిలోల ద్రాక్ష సరిపోవును. ఆ పూట ధర విచారించి, సీసాల ఖర్చుతో పోల్చి మీరే లెక్క కట్టుకొనుడు.

ద్రాక్ష లేని కాలమున

తొలకరి నాళ్ళలో మన చెట్లనుండి రాలు నేరేడు పండ్లు ఇందులకు ద్రాక్షతో సమానమే. కిలో పండ్లకు అర లీటరు నీరు పోసి, పైన చెప్పినట్లే వేడిచేసి, గింజలు నలుగకుండ పిసికి వడియగట్టుడు. నేరేడులో వగరు సహజముగానే కలదు గనుక తేయాకు అక్కరలేదు. కొంచెము బెల్లము, నిమ్మరసము చాలును. రంగు ఊదా, రుచి పెద్దలు మెచ్చునది. దీనిని చేసిననాడే వాడుడు.

రెండు హెచ్చరికలు

ద్రాక్షలో సహజముగానే చక్కెర హెచ్చు. మధుమేహము గలవారికి ఇది తగదు; వారికి పలుచని నిమ్మనీరో, మజ్జిగయో అంతే ఆదరముతో ఈయుడు. మరియొకటి: ఈ పానకము విందులో మర్యాదను నిలుపునే కాని, వ్యసనమును కుదుర్చు ఔషధము కాదు. ఏండ్ల తరబడి ప్రతిదినము త్రాగువారు ఒక్కసారిగా మానినచో వణుకు, మూర్ఛ వంటివి వచ్చి ప్రాణాపాయము కలుగవచ్చును. అట్టివారిని తిట్టక, ప్రభుత్వ వైద్యశాలకు తీసికొనిపోయి వైద్యుని పర్యవేక్షణలో మాన్పించుడు. మానివేసినవారికి వైనును తలపించు రుచి పాత కోరికను రేపవచ్చును, వారిని బలవంతపెట్టకుడు.

సోదరీమణులారా! దీనిని పెండ్లినాడు మొదటిసారి ప్రయత్నింపకుడు. ముందుగా అరకిలో పండ్లతో ఇంటిలో చేసి, మగవారికే మొదటి గ్లాసు ఇచ్చి, పులుపు చాలినదో లేదో వారినే అడుగుడు. తాము రుచి చూచి సరిదిద్దినదానిని వారే పందిరిలో అతిథులకు సగర్వముగా అందింతురు. పందిరి వెనుక చీకటిలో కాదు, పందిరి నడుమ, దీపముల వెలుగున, స్త్రీలు, పిల్లలు, పెద్దలు అందరును ఒకే పాత్రనుండి పోసికొని త్రాగునట్లు ఏర్పాటు చేయుడు. చాటున త్రాగవలసిన పని లేకపోవుటయే దీని మొదటి మర్యాద.

ఆ తల్లి ఇంట రెండవ కుమార్తె పెండ్లి ఇంకను కావలసియున్నది. ఈ కాగితము ఆమెకు కూడ పంపుచున్నాను. ఆ పందిరిలో ఆమె ఇచ్చు గ్లాసు అందుకొను భాగ్యము నాకు కలుగవలెనని కోరుచు సెలవు తీసికొనుచున్నాను.