ఆకాశంలో చెత్త – అందుకునే చెయ్యి

అల్ ఖర్జ్‌లో తెలుగు నేర్చుకుంటున్న బాలబాలికలారా!

పుస్తకం హస్తభూషణం అన్నారు మన పెద్దలు. చేతికి ఉంగరం ఎంత అందమో, పుస్తకం అంతకన్నా అందమని దాని భావం. ఈనాడు మీకు కొన్ని మంచి పుస్తకాలను గురించి చెప్పదలచాను. అవి ఒక చేతిని గురించి తెలుసుకోవడానికి పనికివస్తాయి. ఆ చెయ్యి మనిషిది కాదు, యంత్రానిది. దానికి మనం అప్పగించదలచిన పని ఆకాశంలో చెత్త ఏరడం!

ఆకాశంలో చెత్త ఎక్కడిదని మీకు సందేహం కలగవచ్చు. మీరుంటున్న ఈ దేశంలోనే జరిగిన సంగతి చెబుతాను, వినండి. 2001 జనవరిలో, రియాద్ నగరానికి సుమారు 240 కిలోమీటర్ల దూరాన ఎడారిలో ఒక లోహపు వస్తువు ఆకాశం నుంచి వచ్చి పడింది. దాని బరువు సుమారు 70 కిలోలు. అది డెల్టా-2 అనే అమెరికా రాకెట్టు మూడవ దశకు చెందిన మోటారు తొడుగు. 1993లో ఒక ఉపగ్రహాన్ని పైకి చేర్చడంతో దాని పని ముగిసింది. ఆ తరువాత ఏడేళ్లకు పైగా అది భూమి చుట్టూ ఊరికే తిరిగి తిరిగి, చివరకు నేలకు దిగింది.

అది దారిలో కాలి బూడిద కాలేదెందుకు? పైనుంచి మహావేగంతో వచ్చే వస్తువు తన ముందున్న గాలిని అదిమివేస్తుంది. ఆ గాలి విపరీతంగా వేడెక్కుతుంది. అల్యూమినియం 660 డిగ్రీల సెంటీగ్రేడు దగ్గరే కరుగుతుంది. ఈ తొడుగు టైటానియంతో చేసినది. టైటానియం కరగాలంటే 1,668 డిగ్రీల వేడి కావాలి. అందుకే అది నేల దాకా రాగలిగింది.

పైన ఇంకా ఎంత చెత్త ఉన్నది? ఒక సెంటీమీటరు కంటే పెద్ద ముక్కలు 12 లక్షలకు పైగా ఉంటాయని ఐరోపా అంతరిక్ష సంస్థ 2025లో అంచనా వేసింది. సెంటీమీటరు ముక్కే కదా అని తీసిపారేయకండి. భూమికి దగ్గర కక్ష్యలో తిరిగేవి సెకనుకు ఏడెనిమిది కిలోమీటర్ల వేగంతో పోతాయి. అంత వేగంతో బయలుదేరితే అల్ ఖర్జ్ నుంచి రియాద్‌కు పది పన్నెండు సెకన్లలో చేరిపోవచ్చు! 2009 ఫిబ్రవరి 10న సైబీరియాకు పైన ఇరిడియం-33, కాస్మోస్-2251 అనే రెండు ఉపగ్రహాలు ఢీకొన్నాయి. ఆ ఒక్క దెబ్బకు భూమి మీది నుంచి గుర్తించదగినంత పెద్ద ముక్కలే రెండు వేల వరకు పుట్టాయి. ముక్క ముక్కను కొట్టి మరిన్ని ముక్కలు పుట్టే ప్రమాదం ఉన్నదని డొనాల్డ్ కెస్లర్ అనే శాస్త్రజ్ఞుడు 1978లోనే హెచ్చరించాడు.

ఇది విని భయపడుతున్నారా? పూర్వం మనవాళ్లూ భయపడ్డారు. 1979లో స్కైలాబ్ అనే అమెరికా అంతరిక్ష కేంద్రం కూలబోతున్నదన్న వార్త తెలుగు పల్లెల్లో పెద్ద కలకలం రేపింది. లోకం అంతమైపోతుందని నమ్మి కోళ్లనూ మేకలనూ కోసుకు తిన్నవారు, దాచుకున్న డబ్బంతా ఖర్చుపెట్టినవారు ఉన్నారని పెద్దలు చెబుతారు. ఆ జూలై 11న స్కైలాబ్ పడింది. దాని ముక్కలు హిందూ మహాసముద్రంలోనూ పశ్చిమ ఆస్ట్రేలియాలోనూ రాలాయి. ఎవరికీ గాయం కాలేదు. అక్కడి ఎస్పరెన్స్ అనే ఊరివారు, తమ నేల మీద చెత్త పోసినందుకు నాసా సంస్థకు 400 డాలర్ల జరిమానా కూడా వేశారు!

మన పల్లెవాసులు తెలివితక్కువవారు కారు. పడేది ఎంత వస్తువు, ప్రమాదం ఏ మేరకు అన్న సంగతులు వారి భాషలో వివరించే పుస్తకం వారి చేతికి అందలేదు. అంతే తేడా. తెలియనిచోట పుకారు పెరుగుతుంది. తెలిసినచోట జాగ్రత్త పెరుగుతుంది. అందుకే ఈ పుస్తకాల మాట ఎత్తాను.

మొదట మహీధర నళినీమోహన్ గారి 'రాకెట్టు కథ' చదవండి. శాస్త్ర విషయాన్ని ఇంట్లో కబుర్లు చెప్పినంత తేలికగా చెప్పడం ఆయన ప్రత్యేకత.

తరువాత యాకోవ్ పెరెల్మాన్ అనే రష్యా రచయిత పుస్తకం 'నిత్యజీవితంలో భౌతికశాస్త్రం'. ఉపగ్రహాలు ఇంకా పుట్టని రోజుల్లో రాసినదైనా, చలనాన్నీ బలాన్నీ అర్థం చేసుకోవడానికి నేటికీ పనికివస్తుంది. దాన్ని కథలా చదువుకుంటూ పోకండి. ప్రశ్న రాగానే పుస్తకం మూసి, జవాబు మీరే ఆలోచించండి. ఆపైన తెరచి చూడండి.

పెద్ద తరగతులవారు ఇంగ్లీషులో ఐజాక్ ఆసిమోవ్ రాసిన 'ఐ, రోబోట్' చదవాలి. ఇది 1950లో వెలువడిన కథల సంపుటి. గ్లోరియా అనే చిన్నపిల్లను ఆడించే మరమనిషి రాబీ కథతో మొదలవుతుంది. 'రోబో' అన్న మాట మాత్రం ఆసిమోవ్‌ది కాదు. చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో రాసిన నాటకంలోది. చెక్ భాషలో 'రొబోతా' అంటే వెట్టిచాకిరీ. మరమనిషి పేరులోనే చాకిరీ ఉన్నదన్నమాట!

కథలు చదివితే ఏం లాభమని ఎవరైనా అంటే ఈ సంగతి చెప్పండి. ఆసిమోవ్ కథలు ఇష్టంగా చదివిన జోసెఫ్ ఎంగెల్‌బర్గర్ అనే అమెరికా ఇంజనీరు, జార్జి డెవోల్ అనే ఆవిష్కర్తతో కలసి 'యూనిమేట్' అనే మరచేతిని తయారుచేయించాడు. 1961లో అది ఒక కార్ల కంపెనీ కర్మాగారంలో పనికి కుదిరింది. మనిషి చేతులు కాలే చోట, అచ్చులోంచి వచ్చే వేడివేడి లోహపు ముక్కలను అది పట్టి తీసేది. కథ చదివిన చేతులే ఆ మరచేతిని నిర్మించాయి.

మరి ఆకాశంలో చెత్తను మరచెయ్యి ఎలా పట్టుకుంటుంది? 1985 జూన్‌లో డిస్కవరీ వ్యోమనౌకలో సౌదీ రాకుమారుడు సుల్తాన్ బిన్ సల్మాన్ ప్రయాణించాడు. అంతరిక్షంలోకి వెళ్లిన మొదటి అరబ్బు ఆయనే. ఆ యాత్రలోనే నౌక మరచెయ్యి స్పార్టన్ అనే చిన్న ఉపగ్రహాన్ని బయట వదలి, మళ్లీ పట్టి లోపల పెట్టింది. కాని అది పట్టుకోవడానికి అనువుగా చేసిన వస్తువు. చెత్త అలా కాదు. గింగిరాలు తిరుగుతూ ఉంటుంది. నీళ్ల తొట్టిలో తేలే బంతిని వేలితో తాకి చూడండి, దూరంగా జరిగిపోతుంది. అక్కడా అంతే. కాబట్టి కెమెరా కన్నుతో చూసి, వస్తువు మరుక్షణం ఎక్కడ ఉంటుందో లెక్కకట్టి, మెత్తగా అందుకోవాలి.

ఈ విద్యను మన దేశమూ అభ్యసిస్తున్నది. 2024 డిసెంబరు 30న ఆంధ్రప్రదేశ్‌లోని శ్రీహరికోట నుంచి పీఎస్ఎల్‌వీ-సీ60 రాకెట్టు వెళ్లింది. దాని నాలుగవ దశను చెత్తగా వదిలేయకుండా ప్రయోగశాలగా వాడుకున్నారు. అందులో ఏడు కీళ్ల మరచెయ్యి ఒకటి ఉన్నది. జలగ రెండు కొసలూ మార్చి మార్చి ఆనించి నడిచినట్లు, అదీ నడవగలదు. తాడుతో కట్టిన వస్తువును చెత్తగా భావించి పట్టే మరో చేతిని కూడా ప్రయోగం కోసం పంపారు. ఈ ప్రయోగాలకు ముందే ఆ దశను తక్కువ ఎత్తు కక్ష్యలోకి దించారు. 2025 ఏప్రిల్ 4న అది హిందూ మహాసముద్రంపై వాతావరణంలోకి దిగిపోయింది.

చేతులు కాలాక ఆకులు పట్టుకుంటే ఏం లాభం? చెత్తను ఏరే చెయ్యి గొప్పదే. చెత్త వేయని చెయ్యి అంతకంటే గొప్పది. ఈ మాట ఆకాశానికీ వర్తిస్తుంది, మీ తరగతి గదికీ వర్తిస్తుంది.

ఇక మీకు రెండు పనులు అప్పగిస్తున్నాను. ఎడారిలో ఎప్పుడైనా వింత లోహపు వస్తువు కనబడితే ముట్టుకోకండి. అందులో విషపూరితమైన ఇంధనం మిగిలి ఉండవచ్చు. వెంటనే పెద్దలకు చెప్పండి. ఇది మొదటిది. రెండవది, ఊళ్లో ఉన్న మీ అమ్మమ్మకో తాతయ్యకో ఫోను చేసి, స్కైలాబ్ పడిన రోజుల్లో ఏం జరిగిందో అడిగి తెలుగులో రాసుకోండి. వారు చెప్పినది విన్నాక, మీరు చదివినది వారికి తెలుగులో చెప్పండి. ఆనాడు వారి చేతికి అందని పుస్తకం మీరే కావచ్చు.

సెలవు.