సినిమా తీసినోళ్లున్నరు, పుస్తకం రాసినోళ్లేరి?

(సినిమా పుస్తకాల మీద జరిగిన ఒక సభల చేసిన ప్రసంగ పాఠం)



సినిమా దర్శకుల మీద, సినిమా చరిత్ర మీద వచ్చిన పుస్తకాల గురించి మాట్లాడమని నన్ను పిలిచిండ్రు. మాట్లాడే ముందు మిమ్ముల ఒక ముచ్చట అడుగుత. 1922ల హైదరాబాదుల సినిమా కంపెనీ పెట్టిన మనిషి ఎవరు? తెలిసినోళ్లు చెయ్యెత్తుండ్రి.

ఇద్దరే ఎత్తిండ్రు. మిగిలినోళ్లు సిగ్గుపడే పని లేదు. నాకు కూడ చాన ఏండ్లు తెల్వదు. తెలిసింది తెలుగు పుస్తకంల కాదు. ఎరిక్ బార్నో అనే అమెరికా ఆయన, ఎస్. కృష్ణస్వామి అనే మద్రాసు ఆయన కలిసి 1963ల తెచ్చిన ‘ఇండియన్ ఫిల్మ్’ అనే ఇంగ్లిషు పుస్తకంల. మన ఇంటి సంగతి మనకు అమెరికా నుంచి తెలిసిందన్నమాట.

ఆ మనిషి పేరు ధీరేంద్రనాథ్ గంగూలీ. బెంగాలీ. శాంతినికేతన్‌ల చదువుకొని, నిజాం ఆర్ట్ కాలేజీల హెడ్‌మాస్టరు పనికి హైదరాబాదు వచ్చిండు. తనే రకరకాల వేషాలు కట్టి దిగిన ఫోటోలతోటి ఒక పుస్తకం అచ్చేసిండు. ఆ తర్వాత కలకత్తల సినిమా పని నేర్చుకొని మళ్ల ఇక్కడికి వచ్చి లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టిండు. ‘ఇంద్రజిత్’, ‘లేడీ టీచర్’, ‘ది మ్యారేజ్ టానిక్’, ‘యయాతి’ అన్నీ ఆ కంపెనీ మూకీ సినిమాలే. 1924ల ‘రజియా బేగం’ అనే సినిమా ఆడించిండు. ముస్లిం రాణి హిందువును ప్రేమించిన కథ. నిజాంకు కోపమొచ్చింది. రాజ్యం ఇడిచి పొమ్మని హుకుం ఇచ్చిండు. గంగూలీ పోయిండు, కంపెనీ పోయింది. ఆ సినిమాలు చూద్దామంటే ఇయ్యాల దొరకవు. అదే గంగూలీకి 1975 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు వచ్చింది.

ఇప్పుడు మన తెలుగు సినిమా చరిత్రలు తెరిచి చూడుండ్రి. రఘుపతి వెంకయ్య గారి నుంచి మొదలైతది. ఆయన కొడుకు ప్రకాశ్ 1921ల మద్రాసుల ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీసిండు. మంచిదే, వాళ్ల గొప్పతనాన్ని మనం కాదనం. అక్కడి నుంచి టాకీలు, స్టూడియోలు, కంపెనీలు, అన్నీ మద్రాసుల. ఆఖరుకు ఒక అధ్యాయం వస్తది: ‘పరిశ్రమ హైదరాబాదుకు తరలి వచ్చుట’. అది చదివిన పిల్లగానికి ఏమర్థమైతది? వాళ్లు వచ్చేదాంక ఇక్కడ ఉత్త బండరాళ్లే ఉండెనని. తరలి వచ్చింది పరిశ్రమ. సినిమా ఇక్కడ అంతకు ముందే ఉండె. 1921కి, 1922కి నడుమ ఒక్క ఏడాదే తేడా. ఒకటేమో మొదటి అధ్యాయం, ఇంకొకటి ఫుట్‌నోట్‌ల కూడ లేదు.

ఇదంతా ఎవరో కూసోని కుట్ర చేసిండ్రని నేను చెప్పను. పని జరిగే తీరే అట్లున్నది. స్టూడియోలు మద్రాసుల ఉండె. సినిమా పత్రికలు మద్రాసుల ఉండె. రాసెటోళ్లు అక్కడే ఉండె. పైస ఎక్కడుంటె కాయితం అక్కడికి పోతది. కాయితం ఎక్కడుంటె చరిత్ర అక్కడ తయారైతది. ఇక ఒకరు రాసింది ఇంకొకరు ఎక్కించుకుంటరు. దీనికి నీళ్లు, నిధులు, నియామకాల లెక్క ఎట్లనో, పుస్తకాల లెక్క కూడ గట్లనే.

ఎక్కించుకొనుడు ఎంత పని చేస్తదో ఒక ఉదాహరణ చెప్త. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’. హెచ్.ఎం. రెడ్డి తీసిండు. అది 1931 సెప్టెంబర్ 15న విడుదలైందని పుస్తకం ఎనుక పుస్తకంల రాసుకుంట వచ్చిండ్రు. ఆ రోజున ఉత్సవాలు కూడ చేసిండ్రు. రెంటాల జయదేవ అనే పరిశోధకుడు పాత పత్రికలు, సెన్సార్ రికార్డులు తిరగేసి, ఆ సినిమా 1932 ఫిబ్రవరి 6న బొంబాయిల విడుదలైందని తేల్చిండు. ఎనభై ఏండ్ల దాంక ఒక తారీఖును ఎవ్వరూ పోయి చూడలే! జయదేవది ఏ ప్రాంతమని అడగకుండ్రి. ఆయన చేసిన పని చూడుండ్రి. మనకు కావాల్సింది గసొంటి పని.

ఇక దర్శకుల మీద పుస్తకాల సంగతి. ఫ్రాన్సుల త్రూఫో అని ఒక దర్శకుడు. 1962ల ఆయనకు ముప్పై ఏండ్లు. హాలీవుడ్ పోయి హిచ్‌కాక్ ముంగట వారం రోజులు టేపు రికార్డరు పెట్టుకొని కూసున్నడు. ఇంగ్లిషు సరిగ రాదు, నడుమ ఒకామెను దుబాసీగ పెట్టుకున్నడు. మొదటి సినిమా నుంచి ఒక్కొక్కటి పట్టుకొని అడిగిండు: ఈ షాటు ఎందుకు ఇట్ల పెట్టినవు, ఇది ఎందుకు తప్పింది అని. 1966ల పుస్తకం వచ్చింది. అప్పటిదాంక హిచ్‌కాక్ అంటే భయపెట్టి పైసలు చేసుకునెటోడని చులకన చేసిన విమర్శకులు చానమంది ఉండె. ఆ పుస్తకం వచ్చినంక ఆయనను చూసే చూపే మారింది. సత్యజిత్ రాయ్ సంగతి చూడుండ్రి. మేరీ సీటన్ 1971ల రాసింది, ఆండ్రూ రాబిన్సన్ 1989ల రాసిండు. రాయ్ తన వ్యాసాలు తనే 1976ల ‘అవర్ ఫిల్మ్స్, దేర్ ఫిల్మ్స్’ అని అచ్చేసుకున్నడు. సినిమా ఒక్కటే మనిషిని నిలబెట్టదు. పక్కన పుస్తకం ఉండాలె.

మరి మన దగ్గర?

పైడి జైరాజ్. 1909ల కరీంనగర్‌ల పుట్టిండు. మూకీల కాలంలనే బొంబాయి పోయి హీరో అయిండు. దర్శకత్వం కూడ చేసిండు. 1945ల ఆయన తీసిన ‘ప్రతిమ’ల దిలీప్ కుమార్ హీరో. 1980 సంవత్సరానికి ఫాల్కే అవార్డు వచ్చింది. 2000ల కన్నుమూసిండు. రాష్ట్రం వచ్చినంక రవీంద్రభారతిల ఒక ప్రివ్యూ థియేటరుకు ఆయన పేరు పెట్టిండ్రు. సంతోషం. గోడ మీద పేరుంటె సరిపోతదా? ఆ థియేటరుకు పోయే పిల్లగాడు జైరాజ్ ఎవరని అడిగితె చేతుల పెట్టే పుస్తకం మీ ఇంట్ల ఉన్నదా?

శ్యామ్ బెనెగల్. 1934ల తిరుమలగిరిల పుట్టిండు, నిజాం కాలేజీల చదివిండు. 1974ల ‘అంకుర్’, ఆ తర్వాత ‘నిశాంత్’, 1987ల పోచంపల్లి నేతగాళ్ల మీద ‘సుస్మన్’. మన దొర, మన గడి, మన దక్కనీ మాట దేశం చూసింది ఆయన సినిమాలల్లనే. ‘అంకుర్’ గురించి రాయ్ రాసిండు. బెనెగల్ మీద సంగీతా దత్తా రాసిన పుస్తకాన్ని లండన్‌ల బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ అచ్చేసింది. 2024 డిసెంబర్ 23న ఆయన పోయిండు. ఆ ఊర్ల షూటింగు ఎట్ల జరిగింది, ఆ మాటలు ఎవరు నేర్పిండ్రు, ఊరోళ్లు ఏమన్నరు అని మన తెలుగుల ఆయనను అడిగే అవకాశం ఇక లేదు.

బి. నర్సింగరావు. ప్రజ్ఞాపూర్ మనిషి. 1980ల వచ్చిన ‘మా భూమి’కి నిర్మాత. దర్శకుడు గౌతమ్ ఘోష్ బెంగాలీ, మూలకథ కిషన్ చందర్ ఉర్దూ నవల, పాటకు తెర మీద గద్దర్. 1988ల నర్సింగరావు తీసిన ‘దాసి’కి ఐదు జాతీయ అవార్డులు. 2023ల ‘బలగం’ చూసి ఊర్లకు ఊర్లు ఏడ్చినయి. తెర మీద మన మాట ఇప్పుడే మొదలైందని మన పిల్లలు అనుకుంటున్నరు. ‘బలగం’కు నలభై మూడేండ్ల ముందే ‘మా భూమి’ల ఆ మాట హీరో నోట్ల ఉన్నది. నడుమ ఏండ్లల్ల అది విలన్‌కు, కమెడియన్‌కు పోయింది. ఎట్ల పోయింది, ఎవరు పంపిండ్రు? ఆ పుస్తకం రాయాల్సింది మనమే.

ఒక జాగ్రత్త కూడ చెప్తున్న. కోపంల మనం కూడ అబద్ధాలు రాయొద్దు. గంగూలీ తెలుగోడు కాదు, ఆయన తీసినవి తెలుగు టాకీలు కావు. జైరాజ్ పేరు నిలబడ్డది హిందీల. అన్నీ మాయే, అన్నిట్ల మేమే మొదలు అని రాసుకుంటె ఇయ్యాల చప్పట్లు కొడుతరు, రేపు ఎవడో పాత పేపరు తెచ్చి ముంగట పెడుతడు. అప్పుడు మన నిజం కూడ అబద్ధమైతది.

తెలంగాణల కవులు పూజ్యమని ఒకాయన రాసినప్పుడు సురవరం ప్రతాపరెడ్డి గారు తిట్టుకుంట కూసోలే. ఊరూరి నుంచి కైతలు తెప్పించి, 1934ల 354 మంది కవులతోటి ‘గోలకొండ కవుల సంచిక’ అచ్చేసి చేతుల పెట్టిండు. మనకు సినిమాల గసొంటి సంచిక కావాలె.

ఎట్ల మొదలు పెట్టాలె? త్రూఫో దగ్గర టేపు రికార్డరుండె, మీ జేబుల ఫోనున్నది. మీ ఊరి టాకీసుల రీలు తిప్పిన ఆపరేటరు దగ్గరికి పోండ్రి. గేటు కాడ టికెట్టు చింపినాయన దగ్గరికి పోండ్రి. ‘మా భూమి’ల, ‘దాసి’ల గుంపుల నిలబడ్డ ముసలమ్మల దగ్గరికి పోండ్రి. గద్దర్ 2023ల పోయిండు. మిగిలినోళ్లు మన కోసం ఆగరు.

ఇంట్ల అటకలు దింపుండ్రి. టాకీసుల అమ్మిన పాటల పుస్తకాలుంటయి. వాటిల నటులు, సాంకేతికుల పేర్లు, సగం కథ ఉంటయి. మిగతాది తెర మీద చూడమని ఆఖర్ల రాసి ఉంటది. మా ఇంట్ల ఒక ట్రంకుపెట్టెడు ఉండె. ఇల్లు మార్చినప్పుడు నేనే తూకానికి అమ్మిన. ఎన్ని పైసలొచ్చినయో యాదికి లేదు. ఏం పోయిందో మాత్రం ఇప్పుడు తెలుస్తున్నది. ఈ తప్పు మీరు చెయ్యకుండ్రి.

2014 జూన్ 2న రాష్ట్రం వచ్చింది. మన సినిమా చరిత్ర మీద పుస్తకాలు ఇంకా చాన రావాలె. దానికి ఢిల్లీ పోయే పని లేదు, పార్లమెంటుల బిల్లు పెట్టే పని లేదు. ఒక నోటుబుక్కు, ఒక పెన్ను, పోయి అడిగే ఓపిక ఉంటె చాలు.

మళ్ల ఏడాది ఇదే సభ పెడితె నన్ను పిలవకుండ్రి. పుస్తకం రాసినోళ్లను పిలువుండ్రి. నేను ముందు వరుసల కూసోని వింట.

జై తెలంగాణ.