బండి ఆగితే పంట ఆగినట్టే

నల్లగొండ బత్తాయి అయినా, పాలమూరు వేరుశనగ అయినా మార్కెట్‌కు చేరేది బండి మీదే. మొన్న బత్తాయి లోడుతో మా బండి దారిలోనే ఆగింది. సెల్ఫ్ తిరుగుతోంది, ఇంజిన్ అందుకోదు. స్కానర్ పెడితే పి0340 కోడ్ వచ్చింది. క్యామ్‌షాఫ్ట్ సెన్సార్ పోయిందన్నారు. కొత్తది వేయించాం. బండి కదల్లేదు. చివరికి చూస్తే ఎలుక కొరికిన వైరు! కాయ మెత్తబడింది, ధర పడింది.

ఆ కోడ్ చెప్పేది సెన్సార్ సర్క్యూట్‌లో లోపమని. సెన్సారే పోయిందని కాదు. అందుకే ముందు ప్లగ్గు, వైర్లు, కరెంటు చూడాలి. అవి బాగుంటేనే సెన్సార్ మార్చాలి. బ్యాటరీ నెగటివ్ తీసి, ప్లగ్గు ఊడదీసి, బోల్టు విప్పాలి. కొత్తదాని రబ్బరు రింగుకు కాస్త ఇంజిన్ ఆయిల్ రాసి బిగించాలి. తర్వాత కోడ్ చెరిపి చూడాలి.

2022 డిసెంబరులో కేంద్రం మరమ్మతు హక్కు పోర్టల్ తెచ్చింది. వాహనాలు, వ్యవసాయ పరికరాలు అందులో ఉన్నాయి. పోర్టల్ చాలదు, చట్టం కావాలని అడుగుదాం. అందాకా ప్రతి మండల సంఘం చందాలతో ఒక స్కానర్ కొనుక్కుందాం. మన పిల్లలకు అది చదవడం నేర్పిద్దాం.